మృగశిక్షకుడు కార్ల్ హాగెన్‌బెక్

సామ దాన భేద దండములను నాలుగుపాయములను మన నీతికోవిదులు బోధించిరి. యూరపుఖండమున క్రూరమృగములకు ఆటలు నేర్పువారు మాత్రము చిరకాలము కడపటిదాని నొక్కదానినే నమ్ముకొనియుండిరి. కొరడాయు, ఎఱ్ఱగా కాల్చిన యినుపకడ్డీయు వారి సాధనములు. ఆ మార్గమును మరలించినవారిలో జర్మనీ దేశస్థుడగు కార్ల్ హాగెన్‌బెక్ ముఖ్యుడు.

ఈయన 1844 జూన్ 10వ తేదీన హాంబర్గు రేవుపట్టణమున జన్మించెను. తండ్రి చేపల వర్తకుడు. 1848లో జాలరుల వలలకు ఆరు సీలు జంతువులు చిక్కగా, తండ్రి వానిని కొయ్యతొట్లలో నుంచి రుసుముగొని జనులకు చూపెను. చేపల బేరము క్రమముగా మృగముల బేరమయ్యెను. కార్ల్ దానిని ఖండాంతరములకు వ్యాపింపజేసెను. పిల్లలను పట్టుటకై తల్లులను చంపుట ఆ బేరములో సామాన్యము. ఆ పాపములో ఈయనకును భాగము కలదు.

ఇంగ్లండులో కొన్న సింహముల మీసములు మాడి, మూతులు కాలియుండుట చూచి ఈయన మనస్సు కలగెను. పిన్నవయసు జంతువులను చేరదీసి, ఒక్కొక్కదాని స్వభావమును వేర్వేరుగ గుర్తించి, చెప్పినది చేసినపుడు మాంసఖండము నిచ్చుచు, ఓరిమితో నేర్పించెను. ఇరువదియొక్క సింహములను పరీక్షింపగా నాలుగు మాత్రమే పనికివచ్చెను. మొండివానిని కొట్టి దారికి తెచ్చుటకు బదులు విడిచిపెట్టుటయే ఈ విద్యలోని కీలకము. 1889 నాటికి మూడు సింహములు రథమునకు కట్టుబడి లాగెను. 1893లో చికాగో ప్రదర్శనమున ఈ మృగములను చూచి జనులు విస్మితులైరి.

1907లో హాంబర్గు చెంత స్టెల్లింగెన్‌లో జంతువనమును తెరచెను. అచట ఇనుపచువ్వలకు మారుగా కందకములు త్రవ్వించెను. ఏ మృగ మెంతదూరము దుముకునో ముందుగా కొలిపించి, కందకముల వెడల్పును నిర్ణయించెను.

ఇంతటి వివేకి మనుష్యులయెడ వివేకము చూపలేదు. దూరదేశపు జనులను గూడ మృగములవలె ప్రదర్శించి ధనమార్జించెను. 1880లో లాబ్రడార్ తీరమునుండి ఎనిమిదిమంది ఇన్యూట్ జాతివారిని రప్పించిరి. వారిలో పసిబిడ్డలును కలరు. సకాలమున మశూచికపు టీకాలు వేయింపలేదు. 1881 జనవరి ముగియకముందే ఎనమండుగురును ఆ వ్యాధికే బలియైరి. సింహము కన్నుసన్న నెఱిగినవాడు ఈ చిన్నపనిని మరచుట క్షమింపరానిది.

1913 ఏప్రిల్ 14వ తేదీన హాగెన్‌బెక్ మరణించెను. ఓల్స్‌డార్ఫ్ శ్మశానవాటికలో, ఆయన కిష్టమైన ట్రీస్ట్ అను సింహము నిద్రించుచున్నట్లు కంచుప్రతిమను సమాధిపై నిలిపిరి. 2014లో దానిని దొంగలెత్తుకొనిపోయిరి.