పాముల నోరు తెరిచి చూచిన వైద్యుడు

నయాపూల్ క్రింద పారే మూసీ వెంబడి పొలాలు మొదలుకొని తూర్పు సముద్రతీరం దాకా రైతులు భయపడే పాము రక్తపింజర. దాని శాస్త్రీయ నామంలో ఒక స్కాట్లండు వైద్యుని పేరు నిలిచి ఉన్నది. ఆయనే పాట్రిక్ రస్సెల్.

1727లో ఎడిన్‌బరోలో జన్మించిన రస్సెల్ యౌవనంలో సిరియా దేశపు అలెప్పో నగరంలో వైద్యం చేసినాడు. అచ్చట 1760 నుండి 1762 వరకు చెలరేగిన ప్లేగును కనులారా చూచి, పిమ్మట దానిపై ఒక ఉద్గ్రంథం వ్రాసినాడు. ఏబది దాటిన వయసులో, విశాఖపట్టణంలో కంపెనీ అధికారియైన తమ్ముడు క్లాడ్ వెంట తెలుగుదేశం చేరినాడు. 1785లో కంపెనీ ప్రకృతి శాస్త్రజ్ఞుని పదవి ఆయనకు లభించింది.

మొక్కలను పరిశీలించడం ఆ పదవికి విధి. మనసు మాత్రం పాములపై లగ్నమైనది. కారణం లేకపోలేదు. పాముకాటుకు ఆనాడు మందులెన్నో ఉండేవి. పాషాణం కలిసిన తంజావూరు మాత్రలు వానిలో మిక్కిలి ప్రసిద్ధి. అయితే విషం లేని పాము కరిచినవాడు ఏ మాత్ర మింగినా బ్రతుకుతాడు. కీర్తి మాత్రకు దక్కుతుంది. దానినే నమ్ముకొన్న మరొకడు త్రాచుకాటుకు ప్రాణం విడుస్తాడు. కరిచినదేదో తెలియనిదే మందు గుణం తేలదు గదా!

లిన్నేయస్ మహాశయుడు పొట్టమీద, తోకమీద పొలుసులు లెక్కించి పాములను వేరుపరచినాడు. ఆ లెక్కతో విషం సంగతి తెలియదు. రస్సెల్ పాము పెదవి పైకెత్తి చూచినాడు. పై దవడ ముందుభాగాన విషపు కోరలున్నవా, చిన్న దంతాల వరుసలే ఉన్నవా? కోళ్లను, కుక్కలను కరిపించి కూడ పరీక్షించినాడు. ఆ మూగజీవాల పాట్లు తలచుకొంటే నేటివారికి మనసు చివుక్కుమనక మానదు. చూచిన 43 పాములలో విషావయవాలు గలవి 7 మాత్రమే అని తేలింది. పల్లెలలో కనబడిన ప్రతి పామునూ చంపే అలవాటు ఎంత అనవసరమో దీనిని బట్టి ఊహించవచ్చును.

1789లో ఆయన స్వదేశానికి మరలినాడు. 1796లో లండనులో వెలువడిన ఆయన సర్పగ్రంథంలో బొమ్మల ప్రక్కన తెలుగు పేర్లున్నవి: కాటుక రేకుల పొడ, బంగారు పాము, జెర్రిపోతు. తన చెవికి వినబడినట్లు ఇంగ్లీషు లిపిలో వ్రాసికొన్నాడు. మరుసటి ఏడు జార్జి షా ఆ కాటుక రేకుల పొడకే, అనగా రక్తపింజరకే, రస్సెల్ పేరు పెట్టినాడు. 1803లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు దోదాఁ కట్లపాముల ప్రజాతికి బంగారస్ అని పేరిడినాడు. అది మన బంగారమే. ఆ పేర్లు చెప్పిన పల్లె జనుల పేర్లు మాత్రం శాస్త్రానికి ఎక్కలేదు.

రస్సెల్ 1805లో లండనులో అవివాహితుడుగానే మరణించినాడు. అప్పటికి ముగియని రెండవ సంపుటం 1809లో పూర్తియైనది.