కలల ఇంటి ఇల్లాలు

ఇల్లు కట్టి చూడు అన్నారు పెద్దలు. మేమూ కట్టి చూశాం! పునాదులప్పుడు మొదలైన తలనొప్పి రంగులు వేసేదాకా తగ్గలేదు. హాలు గోడకి పసుపు కావాలి, అదీ మరీ పచ్చగా కాదు, మజ్జిగలో చిటికెడు పసుపు కలిపినట్టుండాలి అని పెయింటర్‌కి పావుగంట సేపు చెప్పాను. అతను బుద్ధిగా తలూపి, కిందికెళ్లి కుర్రాడిని పసుపు డబ్బా తెమ్మన్నాడు. అంతే!

ఆ వారంలోనే మా అమ్మాయి ఒక పాత ఇంగ్లీషు సినిమా పెట్టింది. పేరు 'మిస్టర్ బ్లాండింగ్స్ బిల్డ్స్ హిజ్ డ్రీమ్ హౌస్'. 1948లో వచ్చింది. న్యూయార్క్‌లో ఇరుకు వాటాలో ఉండే భార్యాభర్తలు, ఇద్దరు ఆడపిల్లలు. కనెక్టికట్ పల్లెలో పాడుబడ్డ ఇల్లు కొంటారు. తీరా చూస్తే అది బాగుచేయడానికి పనికిరాదు, పడగొట్టాల్సిందే. బావి కోసం ఎంత లోతు తవ్వినా నీళ్లు పడవు, నేలమాళిగ కోసం కాస్త తవ్వగానే ఊట! పూలు కడుక్కునే గదిలో మిగిలిపోయిన బండలు నాలుగు పరిపించమని ఆవిడ మాటవరసకు అంటే, ఆ బరువుకి కింద దూలాలూ పైపులూ అన్నీ మార్చి వెయ్యి డాలర్లకు పైగా బిల్లు వేస్తాడు కాంట్రాక్టరు. ఇక రంగుల సీను. ఆవిడ ఒక్కో గదికీ ఒక్కో ఛాయ వర్ణించి, నమూనాకి దారపు ఉండ కూడా ఇచ్చి వెళుతుంది. పెయింటరు తన మనిషికి దాన్ని అయిదంటే అయిదు రంగుల పేర్లుగా చెప్పి ముగిస్తాడు. నాకు నవ్వు ఆగలేదు. మా ఆయన మాత్రం బండల బిల్లు దగ్గరే ఆగిపోయారు.

హీరో క్యారీ గ్రాంట్ అందరికీ తెలుసు. నా కళ్లు మాత్రం ఆ ఇల్లాలి మీదే నిలిచాయి. అరవదు, ఏడవదు. కనుబొమ ఒక్కటి కాస్త ఎత్తితే చాలు, మొగుడి కోపం చల్లారిపోతుంది. ఎవరీవిడ అని వెదికి చదివాను.

పేరు మిర్నా లాయ్. 1905లో అమెరికాలో మోంటానా రాష్ట్రంలో పుట్టింది. అసలు పేరు మిర్నా విలియమ్స్. రైల్లో వెళుతూ చూసిన ఓ చిన్న స్టేషన్ పేరు నచ్చి తండ్రి అదే పెట్టాడట. ఆయన పశువుల పెంపకందారు, రాష్ట్ర శాసనసభ సభ్యుడు కూడా. 1918 నాటి ఫ్లూ మహమ్మారి ఆయన్ని తీసుకుపోయింది. పిల్లకి పదమూడేళ్లు. తల్లి కూతుర్నీ చిన్న కొడుకునీ వెంటబెట్టుకుని కాలిఫోర్నియా చేరింది. పద్దెనిమిదేళ్లకే మిర్నా చదువు మానేసి, హాలీవుడ్‌లో ఈజిప్షియన్ థియేటర్లో సినిమాకి ముందు వేసే డాన్సుల్లో చేరింది. ఇల్లు గడవాలి కదా!

సినిమాల్లోకి వచ్చాక ఏళ్ల తరబడి ఆమెకి దక్కినవి ఎలాంటి వేషాలనుకున్నారు? ముఖానికి రంగు పులిమి చైనా అమ్మాయి, జావా అమ్మాయి, మగవాళ్లని మాయచేసే విషకన్య. 1934లో 'ది థిన్ మ్యాన్' వచ్చింది. విలియమ్ పవెల్ పక్కన చలాకీ భార్య. ఒక్క దెబ్బతో విషకన్య కాస్తా ఆదర్శ గృహిణి అయిపోయింది! ఇద్దరూ కలిసి 14 సినిమాలు చేశారు. నిజంగానే మొగుడూ పెళ్లాలనుకునేవారు జనం. పవెల్‌కి ఇచ్చే దాంట్లో సగమే తనకిస్తున్నారని తెలిసి ఆమె పని మానేసి కూర్చుంది. చివరికి స్టూడియోనే దిగొచ్చింది. తెర మీది ఆదర్శ గృహిణి జీతం దగ్గర తగ్గలేదన్నమాట. నాకు భలే నచ్చింది.

సొంత సంసారం మాత్రం కుదురుగా సాగలేదు. నాలుగు పెళ్లిళ్లు, నాలుగు విడాకులు. పిల్లలు లేరు. ఇల్లాలంటే ఇలా ఉండాలని లోకమంతా ఆమెనే చూపించింది కానీ, ఆ వేషం ఇంట్లో కూడా వేయాలంటే ఎవరివల్ల అవుతుంది చెప్పండి?

రెండో ప్రపంచ యుద్ధం వచ్చేసరికి పేరు శిఖరాన ఉంది. అయినా సినిమాలు దాదాపు పక్కన పెట్టి రెడ్ క్రాస్‌లో పనిచేసింది. తర్వాత యునెస్కోకి సంబంధించిన అమెరికా కమిషన్‌లో సభ్యురాలైంది.

అన్నిటికన్నా నన్ను కదిలించింది ఇంకోటి. ఆ సినిమాలో బ్లాండింగ్స్ ఉద్యోగం, ఇల్లు రెండూ నిలబడేది పనిమనిషి గస్సీ నోటినుంచి అనుకోకుండా వచ్చిన ప్రకటన మాటతో. గస్సీగా వేసింది లూయిస్ బీవర్స్, నల్లజాతి నటి. అలాంటి ఇల్లు గస్సీ కొనుక్కోబోతే ఆ రోజుల్లో చాలా చోట్ల అమ్మేవారు కాదు. అద్దెకూ ఇచ్చేవారు కాదు. నల్లవాళ్లకు ఎప్పుడూ నౌకర్ల వేషాలేనా అని మిర్నా స్టూడియోని నిలదీసింది. 1960ల్లో, ఇళ్ల విషయంలో జాతి వివక్షకు వ్యతిరేకంగా పోరాడే జాతీయ కమిటీలో చేరి పనిచేసింది.

ఇది చదివినరోజు నాకు అన్నం సయించలేదు. మా పైవాటా అద్దెకివ్వాలనుకున్నప్పుడు ఒక టీచరమ్మ వచ్చింది. నెమ్మదస్తురాలు, అడ్వాన్సు కూడా చేతిలో పట్టుకునే ఉంది. మీరేవిట్లు అని అడిగింది నేనే. ఆవిడ చెప్పింది. బంధువులెవరో వస్తామన్నారని అబద్ధం చెప్పి పంపించేశాను. ఆవిడకి అర్థమైపోయిందని మెట్లు దిగే తీరులోనే తెలిసింది.

మిర్నాకి డెబ్బయ్యేళ్ల వయసులో రొమ్ము క్యాన్సర్ వచ్చింది. రెండుసార్లు ఆపరేషన్. అయినా నటిస్తూనే ఉంది. ఆస్కార్‌కి ఒక్కసారి కూడా నామినేట్ చేయని హాలీవుడ్, 1991లో గౌరవ ఆస్కార్ ఇచ్చింది. న్యూయార్క్‌లోని తన ఇంట్లోంచే కెమెరా ముందు రెండు ముక్కల్లో కృతజ్ఞతలు చెప్పి ఊరుకుంది. 1993 డిసెంబర్ 14న కన్నుమూసింది. అస్థికలు మోంటానాలోని హెలెనాకి చేరాయి. ఆ ఊళ్లో పాత జైలు భవనాన్ని సినిమాలకీ నాటకాలకీ వేదికగా మార్చి ఆమె పేరు పెట్టారు. ఆమె బతికుండగానే, 1991లో.

మా పైవాటా ఇంకా ఖాళీగానే ఉంది. ఆ టీచరమ్మ ఏ స్కూల్లో పనిచేస్తుందో మా అమ్మాయిని కనుక్కోమన్నాను.