సాండ్రా ష్మిర్లర్

సాండ్రా ష్మిర్లర్ (జూన్ 11, 1963 - మార్చి 2, 2000) కెనడాకు చెందిన ప్రసిద్ధ కర్లింగ్ క్రీడాకారిణి. ఈమె నాయకత్వంలోని జట్టు మూడుసార్లు కెనడా జాతీయ ఛాంపియన్‌షిప్‌ను, మూడుసార్లు ప్రపంచ ఛాంపియన్‌షిప్‌ను గెలుచుకుంది. 1998లో జపాన్‌లోని నగానోలో జరిగిన శీతాకాల ఒలింపిక్ క్రీడలలో మహిళల కర్లింగ్‌లో స్వర్ణపతకం సాధించింది. కీర్తి శిఖరాన ఉన్న దశలోనే క్యాన్సర్ వ్యాధితో 36 ఏళ్ల వయసులో మరణించింది.

బాల్యం, విద్య

సాండ్రా కెనడాలోని సస్కాచెవాన్ రాష్ట్రానికి చెందిన బిగ్గర్ అనే చిన్న పట్టణంలో జన్మించింది. సుదీర్ఘమైన శీతాకాలం ఉండే ఈ ప్రాంతంలో దాదాపు ప్రతి ఊరిలోనూ కర్లింగ్ ఆడే మంచు మైదానం ఉంటుంది. సాండ్రా కూడా పాఠశాలలో చదువుతున్నప్పుడే ఈ ఆట నేర్చుకుంది. సస్కాచెవాన్ విశ్వవిద్యాలయం నుండి వ్యాయామ విద్యలో పట్టా పొందిన తరువాత రాష్ట్ర రాజధాని రెజైనాలో స్థిరపడి, నగరంలోని ఒక క్రీడా వినోద కేంద్రంలో ఉద్యోగం చేసింది. ఆటలో ఎంత పేరు వచ్చినా ఉద్యోగాన్ని వదలలేదు.

ఆట స్వరూపం

కర్లింగ్‌లో ఒక్కో జట్టుకు నలుగురు ఆటగాళ్లు ఉంటారు. సుమారు 19 కిలోల బరువున్న గ్రానైటు రాళ్లను మంచుపై జార్చి, అవతలి చివరన గీసిన వృత్తాల కేంద్రానికి చేర్చడం ఆట లక్ష్యం. రాయి కదులుతుండగా సహచరులు దాని ముందున్న మంచును బ్రష్షులతో రుద్ది వేగాన్ని, దిశను మారుస్తారు. జట్టు నాయకుడిని లేదా నాయకురాలిని స్కిప్ అంటారు. వ్యూహాన్ని నిర్ణయించే బాధ్యత, సాధారణంగా చివరి రెండు రాళ్లను వేసే బాధ్యత స్కిప్‌దే. అందువల్ల గెలుపోటముల భారం ఎక్కువగా స్కిప్‌పైనే పడుతుంది.

క్రీడా జీవితం

1990లో సాండ్రా స్కిప్‌గా, జాన్ బెట్కర్, జోన్ మెక్‌కస్కర్, మార్సియా గుడెరైట్ సభ్యులుగా కొత్త జట్టు ఏర్పడింది. ఈ జట్టు 1993లో జాతీయ ఛాంపియన్‌షిప్ గెలిచి, అదే సంవత్సరం స్విట్జర్లాండ్‌లోని జెనీవాలో ప్రపంచ విజేతగా నిలిచింది. 1994లో జర్మనీలోని ఓబర్స్‌డోర్ఫ్‌లో ఆ ఘనతను నిలబెట్టుకుంది. 1997లో బెర్న్ నగరంలో మూడవసారి ప్రపంచ టైటిల్ గెలుచుకుంది.

1998 ఒలింపిక్స్‌లో కర్లింగ్‌ను తిరిగి పతక క్రీడగా చేర్చారు. మహిళల కర్లింగ్‌కు అధికారిక పతకం ఇవ్వడం అదే మొదటిసారి. కెనడా తరఫున వెళ్లే జట్టు ఎంపిక కోసం 1997 నవంబరులో బ్రాండన్ పట్టణంలో పోటీలు జరిగాయి. అప్పటికి సాండ్రాకు మొదటి బిడ్డ పుట్టి సుమారు రెండు నెలలు మాత్రమే అయింది. షానన్ క్లైబ్రింక్ జట్టుతో జరిగిన ఫైనల్ ఏడవ ఎండ్‌లో ఆమె వేసిన రాయి పక్కనున్న రాయిని తాకి, లోపలికి మళ్లి, కేంద్రంలో ఉన్న ప్రత్యర్థి రాయిని తొలగించింది. దీనితో ఒకేసారి మూడు పాయింట్లు లభించాయి. చివరకు 9-6 తేడాతో గెలిచి ఈమె జట్టు ఒలింపిక్స్‌కు అర్హత పొందింది. కెనడా కర్లింగ్ చరిత్రలో చిరస్మరణీయమైన షాట్‌లలో ఒకటిగా దీనిని నేటికీ పేర్కొంటారు.

ఒలింపిక్ కర్లింగ్ పోటీలు నగానోకు సమీపంలోని కరుయిజావాలో జరిగాయి. సెమీఫైనల్‌లో బ్రిటన్ గట్టి పోటీ ఇవ్వగా, అదనపు ఎండ్‌లో కెనడా 6-5తో గట్టెక్కింది. ఫిబ్రవరి 15న జరిగిన ఫైనల్‌లో డెన్మార్క్‌ను 7-5తో ఓడించి స్వర్ణపతకం సాధించింది. అదే పోటీలలో కెనడా పురుషుల జట్టు ఫైనల్‌లో ఓడి రజతంతో తృప్తిపడింది.

అనారోగ్యం, మరణం

1999 వేసవిలో సాండ్రాకు రెండవ కుమార్తె జన్మించింది. ఆ తరువాత కొద్ది కాలానికే ఆమెకు క్యాన్సర్ సోకినట్లు వైద్యులు గుర్తించారు. చికిత్స పొందుతూనే 2000 ఫిబ్రవరిలో మాంక్టన్‌లో జరిగిన జాతీయ జూనియర్ పోటీలకు సీబీసీ టెలివిజన్ వ్యాఖ్యాతగా పనిచేసింది. అక్కడ విలేఖరులతో మాట్లాడుతూ తన వ్యాధి గురించి బహిరంగంగా వివరించింది. తరువాత కొద్ది వారాలకే, 2000 మార్చి 2న రెజైనాలో మరణించింది. ఆమె అంత్యక్రియలను దేశమంతటా టెలివిజన్‌లో ప్రత్యక్షంగా ప్రసారం చేశారు. అప్పుడు సస్కాటూన్‌లో జరుగుతున్న పురుషుల జాతీయ పోటీలలో ఆ కార్యక్రమం కోసం ఆటను ఆలస్యంగా ప్రారంభించారు.

గౌరవాలు, స్మృతి చిహ్నాలు

మరణించిన సంవత్సరమే ఆమెకు కెనడా క్రీడా ప్రముఖుల మందిరంలో స్థానం లభించింది. ఆమె పనిచేసిన రెజైనాలోని వినోద కేంద్రానికి ఆమె పేరే పెట్టారు. మహిళల జాతీయ ఛాంపియన్‌షిప్ తుది దశలో అత్యుత్తమ క్రీడాకారిణికి ఇచ్చే పురస్కారం కూడా ఆమె పేరు మీదే ఉంది. 2001లో స్థాపించిన సాండ్రా ష్మిర్లర్ ఫౌండేషన్, నెలలు నిండకుండా పుట్టిన శిశువులకు, ప్రాణాపాయంలో ఉన్న నవజాత శిశువులకు అవసరమైన వైద్య పరికరాల కోసం ఆసుపత్రులకు విరాళాలు సమకూరుస్తుంది.

ముఖ్య విజయాలు

- కెనడా జాతీయ ఛాంపియన్‌షిప్: 1993, 1994, 1997
- ప్రపంచ ఛాంపియన్‌షిప్: 1993, 1994, 1997
- ఒలింపిక్ స్వర్ణపతకం: 1998