మన ఊరికి చరిత్ర లేదన్నోళ్లకు సురవరం ఇచ్చిన జవాబు

డిగ్రీ చదివేటప్పుడు హాస్టల్ల రాత్రిపూట ముచ్చట్లు పెట్టుకునేటోళ్లం. ఒక రోజు ఎవరి ఊరి గొప్ప వాళ్లు చెప్పుడు మొదలైంది. ఒకని ఊర్ల ఖిల్లా ఉంది, ఇంకొకని ఊర్ల వెయ్యేండ్ల గుడి ఉంది. నా వంతు వచ్చింది. మా ఊర్ల ఏముంది? ఒక చెరువు, ఒక మర్రిచెట్టు, సోమారం నాడు అంగడి. మా ఊరికి చరిత్ర గిరిత్ర ఏం లేదురా అని నవ్వి ఊకున్న. ఆ మాట నాతోని ఎవరూ అనిపియ్యలె, నేనే అన్న. గందుకే ఇంకా గుచ్చుకుంటది.

కొన్నేండ్లకు మా మండల గ్రంథాలయంల అట్ట ఊడిపోయిన ఒక లావుపాటి పుస్తకం చేతికొచ్చింది. ఆంధ్రుల సాంఘిక చరిత్ర. రాసింది సురవరం ప్రతాపరెడ్డి. రాజులు, యుద్ధాలు, తేదీలు ఉంటయనుకోని తెరిచిన. తెరిస్తే జనం ఏం తిన్నరు, ఏం కట్టిన్రు, అంగట్ల ఏం అమ్మిన్రు, పిల్లలు ఏం ఆడిన్రు అని ఉన్నది. మా అవ్వ చెప్పే ఆటల ముచ్చట చరిత్ర పుస్తకంల ఎందుకుందా అని నిలబడే చదివిన. గీ మనిషి ఎవరో తెల్సుకోవాలనిపించింది. తెల్సుకున్నది మీకు చెప్తున్న.

సురవరం 1896 మే 28 నాడు బోరవెల్లిల పుట్టిండు. సొంతూరు అలంపురం దిక్కు ఇటిక్యాలపాడు. రెండూ ఇప్పటి జోగులాంబ గద్వాల జిల్లాలనే ఉన్నయి. తుంగభద్రకు గీ ఒడ్డున నిజాం రాజ్యం, గా ఒడ్డున ఇంగ్లీషోళ్ల రాజ్యం. చదువు కోసం కర్నూలు, హైదరాబాదు, మద్రాసు తిరిగిండు. బీఏ చేసిండు, లా చదివిండు, వకీలు అయిండు. తెలుగు, సంస్కృతం, ఉర్దూ, ఇంగ్లీషు అన్నీ వచ్చు. వకీలుపనే పట్టుకుంటే హాయిగ బతికేటోడు. కాని ఆయన పట్టుకున్నది పుస్తకాలను, పత్రికను.

అప్పటి హైదరాబాదు రాజ్యంల సర్కారు భాష ఉర్దూ. జనంల ఎక్కువమంది మాట్లాడేది తెలుగే అయినా బడిల, కచేరీల దానికి విలువ లేదు. 1921ల హైదరాబాదుల జరిగిన ఒక పెద్ద సభల ఒకాయన తెలుగుల మాట్లాడబోతే గేలి చేసి కూసోబెట్టిన్రు. ఆ అవమానంలకెళ్లే ఆంధ్రజనసంఘం పుట్టింది. అసొంటి దినాలల్ల సురవరం హైదరాబాదుల రెడ్డి హాస్టల్ బాధ్యత మోసిండు. ఊర్లకెళ్లి వచ్చిన పిలగాండ్లకు అక్కడ ఒక మంచి గ్రంథాలయం తయారుచేసిండు. తర్వాత గోల్కొండ పత్రిక పెట్టి తెలుగుల నడిపిండు. సంపాదకీయం రాయాల్నంటే ముందుగాల సర్కారు అనుమతి కావాల్నని హుకుం వచ్చినప్పుడు, ఆయన సంపాదకీయం జాగల గొప్పోళ్ల సూక్తులు అచ్చేసిండు. హుకుం తప్పలె, చెప్పాల్సింది ఆపలె. 1930ల జోగిపేటల మొదటి ఆంధ్రమహాసభ జరిగితే దానికి అధ్యక్షుడు ఆయననే.

ఇగ అసలు ముచ్చట. తెలంగాణల తెలుగు కవులే లేరని అవతలి దిక్కు ఒకాయన పత్రికల రాసిండు. కోపంతోని తిట్టి నాలుగు వ్యాసాలు రాస్తే అది ఆన్నే అయిపోయేది. సురవరం తిట్టలె, లెక్క తీసిండు. కవులు తమ పద్యాలు, వివరాలు పంపాల్నని పత్రికల అడిగిండు. గద్వాల, వనపర్తి అసొంటి సంస్థానాలకెళ్లి, ఎవరికీ పేరు తెల్వని పల్లెలకెళ్లి పద్యాలు వచ్చినయి. 1934ల గోల్కొండ కవుల సంచిక అచ్చయింది. అందుల 354 మంది కవులు! ఒక్క పుస్తకం వచ్చేసరికి ఆ మాటన్నోళ్ల నోరు మూతబడ్డది.

తమ్మీ, చెల్లే, గీ ముచ్చట మామూలుది కాదు. కవులు అంతకుముందు సుత ఉన్నరు. కాగితం మీద ఒక్కకాడ లేరు గంతే. కాగితం మీద లేనిదాన్ని లేనే లేదనుకుంటది లోకం. హాస్టల్ల నేను అన్న మాట సుత అసొంటిదే.

ఆంధ్రుల సాంఘిక చరిత్ర 1949ల వచ్చింది. తూర్పు చాళుక్యుల కాలంకెళ్లి 1907 దాంక, దగ్గరదగ్గర తొమ్మిది వందల ఏండ్ల జనం బతుకు అందుల ఉంది. రాజులకు శాసనాలున్నయి, కోటలున్నయి. మామూలు మనిషికి ఏముంది? కవులు కథ చెప్పుకుంట పోతూ పక్కపొంటి రాసిన సంగతులున్నయి. సురవరం వాటిని ఏరిండు. పాల్కురికి సోమన రాతలు, పల్నాటి వీరచరిత్ర, ఆముక్తమాల్యద, శుకసప్తతి, హంసవింశతి, అన్నీ జల్లెడ పట్టిండు. భక్తి కోసమో రసం కోసమో మనం చదివే పుస్తకాలల్ల ఆయన తిండి, బట్ట, పన్ను, పంట, ఆట, పాట ఎతికిండు.

ఒక ఊరిని పుస్తకంలకెళ్లి ఎట్ల చూడొచ్చో ఓరుగల్లుతోని చెప్త. ఇయ్యాల వరంగల్ కోటకు పోతే నాలుగు కీర్తితోరణాలు, పడిపోయిన రాళ్లు కనవడతయి. సెల్ఫీ దిగి వస్తం. కాని క్రీడాభిరామం అనే చిన్న పుస్తకం ఉంది. మంచనశర్మ, టిట్టిభసెట్టి అనే ఇద్దరు దోస్తులు ఒక దినమంతా కాకతీయుల ఓరుగల్లు గల్లీలల్ల తిరుగుతరు. కోడిపందెం చూస్తరు, పల్నాటి వీరుల కథ ఇంటరు, పూటకూళ్లింట్ల తింటరు. ఒక్క రూకకు నెయ్యి, పెరుగు, అరటిపండ్లు, నాలుగైదు నంజుళ్లతోని కడుపునిండ అన్నం. ఇయ్యాల హన్మకొండల కోచింగుకు పోయి మెస్సుల తినే మన పిలగాండ్లకు గీ లెక్క మంచిగ అర్థమైతది. తోరణం రాయి గీ ముచ్చట చెప్తదా? పుస్తకమే చెప్తది. కాకతీయుల కాలపు బతుకు రాసేటప్పుడు సురవరానికి అక్కరకొచ్చిన పుస్తకాలల్ల ఇది ఒకటి.

అయితే కవి రాసిందల్లా నిజం కాదు. ఒక మేడను ఆకాశానికి తగిలిచ్చుడు కవికి అలవాటు. ఆ సంగతి తెలిసే సురవరం శాసనాలు, విదేశీ యాత్రికుల రాతలు పక్కన పెట్టుకోని సరిచూసుకున్నడు. ఇంకో చిక్కు మాటలది. పాత పుస్తకంల ఒక ఆట పేరో, నగ పేరో ఉంటది. నిఘంటువు తీస్తే అదొక ఆట, అదొక నగ అని రాసి వదిలేస్తది. ఎట్ల ఆడుతరో ఉండదు. పండితులకు తెల్వని ఆ మాటలు పల్లెల ముసలోళ్ల నోట్ల ఇంకా ఉన్నయని ఆయనకు తెలుసు. గందుకే ఊరి జనం వాడే మాటను సాక్ష్యం లెక్క పట్టుకున్నడు. యాస అని మనం సిగ్గుపడి దాచుకునే మాటే పాత పుస్తకానికి తాళంచెవి అయింది.

ఆ పుస్తకానికి సుత హద్దులున్నయి. కవి కన్ను పడ్డకాడికే అందుల వెలుగు. కవులల్ల ఎక్కువమంది పెద్దింటోళ్లు, మగోళ్లు. ఊరవతలి వాడల బతుకు, కైకిలి చేసే ఆడోళ్ల బతుకు వాళ్లకు కనవడ్డది తక్కువ. ఇది సురవరాన్ని తగ్గిచ్చే మాట కాదు. మిగిలిన పని ఎవరిదో చెప్పే మాట.

1952 ఎన్నికలల్ల వనపర్తికెళ్లి గెలిచి హైదరాబాదు శాసనసభకు పోయిండు. 1953 ఆగస్టు 25 నాడు పాణం ఇడిసిండు. 1955ల కేంద్ర సాహిత్య అకాడమీ తెలుగుకు మొట్టమొదటిసారి ఇచ్చిన అవార్డు గీ పుస్తకానికే వచ్చింది. అందుకునేటందుకు ఆయన లేడు. ఇప్పుడు హైదరాబాదుల తెలుగు విశ్వవిద్యాలయానికి ఆయన పేరు పెట్టిన్రు. మంచిదే. కాని పేరు బోర్డు మీద ఉంటే సాలదు, ఆయన చేసిన పని మన ఊర్లల్ల సాగాలె.

మా అవ్వ చనిపోయి ఆరేండ్లైతుంది. ప్రతి చెలకకు, ప్రతి బాయికి ఆమె ఒక పేరు చెప్పేది. నేను రాసుకోలె. రాసుకోవాల్నని తెలిసేసరికి ఆమె లేదు. పోయిన ఎండకాలం ఒక నోటుబుక్కు కొన్న. మర్రిచెట్టు కింద కూసునే తాతల దగ్గరికి పోయి ఒక్కొక్కటి అడిగి రాస్తున్న. ఇప్పటికి పదిహేడు పేర్లైనయి. అందుల మూడు పేర్లకు అర్థం ఊర్ల ఎవ్వరికీ తెల్వదు. ఏ పాత పుస్తకంలనో ఉంటదని ఎతుకుతున్న. మీ ఊర్ల సుత అసొంటి ఒక ముసలవ్వ ఉంటది. గీ ఆదివారమే పోయి కూసోండ్రి.