మూకీల కాలం నుంచి ‘షోలే’ దాకా వెలిగిన కరీంనగర్ బిడ్డ

ధర్మపురి: నరసింహ శతకం చెప్పిన శేషప్ప కవి పేరు మన ఊళ్లలో తెలియనివారుండరు. కాని ఇదే జిల్లాలో పుట్టి, బొంబాయి చేరి, వెండితెర మీద వెలిగిన పైడి జైరాజ్ పేరు చెబితే మాత్రం ఎవరాయన అని అడిగేవారే ఎక్కువ. ధర్మపురి నేడు జగిత్యాల జిల్లాలో ఉన్నా, 2016 వరకు కరీంనగర్ జిల్లాలోనిదే. ఆ కరీంనగర్‌లో 1909 సెప్టెంబరు 28న జైరాజ్ జన్మించారు.

హైదరాబాదు నిజాం కాలేజీలో చదివిన జైరాజ్, నటన మీద మోజుతో బొంబాయి దారి పట్టారు. 1929లో మూకీ చిత్రాలతో ఆయన నట జీవితం మొదలైంది. 1931లో ‘ఆలం ఆరా’తో తెరకు మాట వచ్చింది. భాష సరిగా పలకలేని మూకీ నటులు పలువురు అక్కడితో ఆగిపోయారు. ఉర్దూ రాజభాషగా ఉన్న నిజాం రాజ్యంలో చదువుకున్న జైరాజ్‌కు ఆ చిక్కు రాలేదు. బాంబే టాకీస్ వారి ‘భాభీ’ (1938)లో కథానాయకుడయ్యారు. దేవికారాణి చివరి చిత్రం ‘హమారీ బాత్’ (1943)లో ఆమె సరసన నటించారు.

రెండవ ప్రపంచ యుద్ధం సినిమాలను కూడా కుదిపివేసింది. ముడిఫిల్ముకు కరువొచ్చింది, సర్కారు దానికి కోటా పెట్టింది. యుద్ధం ముగిసేసరికి నటులకు నెలజీతాలిచ్చే పెద్ద స్టూడియోల బలం తగ్గింది. కొత్త నిర్మాతలు, కొత్త తారలు ముందుకు వచ్చారు. 1945లో జైరాజ్ ‘ప్రతిమ’ చిత్రానికి దర్శకత్వం వహించారు. అందులో నాయకుడు దిలీప్ కుమార్. ఆ కుర్రవాడికి అది రెండో చిత్రం మాత్రమే. కొద్ది ఏళ్లలోనే అతను దేశం మెచ్చిన తార అయ్యాడు. అప్పటికి జైరాజ్‌కు నలభై దగ్గర పడ్డాయి.

అయినా ఆయన వెనుదిరగలేదు. నర్గీస్ నాయికగా ‘సాగర్’ (1951) తానే తీశారు. కండ బలం, నిండైన విగ్రహం ఉన్న ఆయనకు చారిత్రక, జానపద పాత్రలు కొత్త బాట చూపాయి. ‘హాతిమ్‌తాయ్’ (1956), ‘అమర్ సింగ్ రాథోడ్’ (1957), ‘పృథ్వీరాజ్ చౌహాన్’ (1959) చిత్రాల్లో కత్తి పట్టిన వీరుడిగా జనం మెప్పు పొందారు. అంటే యాభై ఏళ్ల వయసులోనూ ఆయన కథానాయకుడే.

తర్వాత రంగుల ప్రేమకథల కాలం వచ్చింది. కత్తుల సినిమాలు తగ్గాయి. నిన్నటి నాయకుడికి డాక్టరు, పోలీసు అధికారి వంటి చిన్న వేషాలు మిగిలాయి. ఒకనాడు రాజుగా కొలువుదీరినవారికి నాలుగు మాటల వేషం కట్టడం తేలిక కాదు. జైరాజ్ మాత్రం దానిని చిన్నతనంగా తలచక పిలిచినచోటికల్లా వెళ్లారు. గాంధీజీ హత్యపై వచ్చిన ‘నైన్ అవర్స్ టు రామా’ (1963) అనే ఆంగ్ల చిత్రంలోనూ నటించారు. ‘షోలే’, ‘దీవార్’ రెండూ 1975లో వచ్చాయి, రెండింటిలోనూ ఆయన ఉన్నారు. ‘షోలే’ చూసిన మన ఊరివారు తమ జిల్లా బిడ్డను చూస్తున్నామని ఎరుగకనే చూసి ఉంటారు.

కేంద్ర ప్రభుత్వం 1980 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డును ఆయనకిచ్చింది. తెలుగువారిలో బి.ఎన్. రెడ్డి తర్వాత ఈ గౌరవం దక్కింది జైరాజ్‌కే. 2000 ఆగస్టు 11న ముంబయిలో, తొంభై ఏళ్లు నిండిన వయసులో కన్నుమూశారు. హైదరాబాదు రవీంద్రభారతిలోని ప్రివ్యూ థియేటరుకు ఆయన పేరు పెట్టారు.

ఆయన జీవితం హిందీ చిత్రాలతోనే ఎక్కువగా గడిచినందున తెలుగునాట ఆయన పేరు నిలవలేదు. పేరు నిలవనంత మాత్రాన పుట్టిన గడ్డకు ఆయన పరాయివారు కారు. నాయకుడి వేషం పోయిన నాడు కూడా నటన వదలని ఈ మనిషి కథను జిల్లా బడిపిల్లలకు పెద్దలే చెప్పాలి.