బళ్ళారి రాఘవ

బళ్ళారి పేరునే తన ఇంటిపేరుగా లోకం చెప్పుకొనేటట్లు చేసిన నటుడు తాడిపత్రి రాఘవాచార్యులు గారు. వారు పుట్టింది మాత్రం బళ్ళారిలో కాదు, అనంతపురం జిల్లా తాడిపత్రిలో, 1880 ఆగస్టు 2వ తేదీన. బ్రతుకుతెరువుకై ఈ రూపనగుడి ప్రాంతం చేరిన మన కుటుంబాలను "మీదే ఊరు?" అని అడిగేవారు ఇప్పటికీ ఉన్నారు. రాఘవ గారిని ఆ మాట అడిగినవారు లేరు.

వృత్తికి వారు వకీలు. నాటకాన్ని ఏనాడూ జీవనోపాధి చేసికొనలేదు. మేనమామ ధర్మవరం రామకృష్ణమాచార్యులు గారు స్వయంగా నాటకకర్త, సరస వినోదినీ సభ స్థాపకులు. కాబట్టి రంగస్థలం వారికి ఇంటి విద్యే. ఆ రోజులలో నటుడంటే రాగం తీసేవాడు. చచ్చిపడిన పాత్ర కూడా "వన్స్‌మోర్" అంటే లేచి మళ్ళీ పద్యం అందుకొనేది! రాఘవ గారు ఆ రాగాల గోల తగ్గించి మాటకు, ముఖభావానికి విలువ తెచ్చారు. కోలాచలం శ్రీనివాసరావు గారి నాటకంలో పఠాన్ రుస్తుం పాత్ర వారికి గొప్ప పేరు తెచ్చింది. తెలుగే కాదు, కన్నడంలోను, ఆంగ్లంలోను నటించారు. 1927లో గాంధీజీ చూచిన "దీనబంధు కబీరు" హిందీ నాటకం. మరుసటి ఏడు ఇంగ్లండు వెళ్ళి బెర్నార్డ్ షాను కలిసికొన్నారు.

అయితే వారి అసలు సాహసం వేరొకటని మా అభిప్రాయం. మీసాలు గొరిగించుకొన్న మగవారే ద్రౌపదులుగా, శకుంతలలుగా వెలుగుతున్న కాలంలో, స్త్రీ పాత్రను స్త్రీయే ధరించాలని పట్టుబట్టి, కొమ్మూరి పద్మావతీదేవి వంటి చదువుకొన్న గృహిణులను రంగం మీదికి తెచ్చారు. పద్యాలు లేని సాంఘిక నాటకం, పి.వి. రాజమన్నారు గారి "తప్పెవరిది", ప్రదర్శించారు. ఈనాడు ఇవి చిన్న సంగతులుగా కనబడవచ్చు. ఆనాడు ఆ గృహిణులు పడిన మాటలు వారికే ఎరుక.

సినిమా వారికి అచ్చిరాలేదు. 1936లో "ద్రౌపదీ మానసంరక్షణం"లో దుర్యోధనుడు వేస్తే, పోటీగా వచ్చిన "ద్రౌపదీ వస్త్రాపహరణం" ముందు ఆ చిత్రం నిలువలేదు. 1939లో గూడవల్లి రామబ్రహ్మం గారి "రైతుబిడ్డ" జమీందారుల కోపానికి గురియైనది. 1940లో "చండిక". అంతటితో సరి.

1946 ఏప్రిల్ 16న వారు కన్నుమూశారు. ఏడేండ్లకు, 1953లో, ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు బళ్ళారి మైసూరులో చేరింది. 1981లో భారత ప్రభుత్వం వారి పేర తపాలా బిళ్ళ వేసింది. బళ్ళారిలో రాఘవ కళామందిరం ఉన్నది. ఈసారి పని మీద పట్నం వెళ్ళినప్పుడు పిల్లలను అటు తీసికొని వెళ్ళండి.