థామస్ కప్పు వెనుక మనిషి - సర్ జార్జ్ థామస్



2022 మే 15, ఆదివారం. బ్యాంకాక్ నగరంలో భారత పురుషుల బ్యాడ్మింటన్ జట్టు ఇండోనేషియాను 3-0 తేడాతో ఓడించి మొట్టమొదటిసారిగా థామస్ కప్పు గెలుచుకుంది. మొదటి సింగిల్స్‌లో లక్ష్యసేన్ గెలిచాడు. డబుల్స్‌లో మన అమలాపురం కుర్రాడు సాత్విక్ సాయిరాజ్, అతని జోడీ చిరాగ్ శెట్టి గెలిచారు. తర్వాత గుంటూరు కుర్రాడు కిడాంబి శ్రీకాంత్ తన ఆట గెలిచి కప్పును ఖాయం చేశాడు. ఆ రోజు టీవీ ముందు కూర్చుని చప్పట్లు కొట్టినవారు మనలో చాలామందే ఉంటారు.

అయితే ఆ కప్పుకు పేరిచ్చిన థామస్ ఎవరు? ఈ ప్రశ్న అడిగితే ఆట బాగా తెలిసినవారు కూడా కాసేపు ఆలోచనలో పడతారు. ఆయన ఇంగ్లండుకు చెందిన డబుల్స్ ఆటగాడు, చదరంగంలో జాతీయ విజేత, బ్యాడ్మింటన్‌కు ప్రపంచ సంస్థను నిలబెట్టిన అధ్యక్షుడు. ఆయన పేరే సర్ జార్జ్ అలన్ థామస్. ఆయన జీవితంలో మనకు పనికివచ్చే సంగతులు కొన్ని ఉన్నాయి కనుక ఈ వార్షికోత్సవ సంచికలో ఆయనను పరిచయం చేస్తున్నాను.

పుట్టుక, పెంపకం

జార్జ్ థామస్ 1881 జూన్ 14న టర్కీలో, నేటి ఇస్తాంబుల్ నగరం దగ్గరి థెరాపియా అనే ఊరిలో జన్మించారు. వారిది బారోనెట్ అనే వంశపారంపర్య బిరుదు గల కుటుంబం. తండ్రి తర్వాత ఆ బిరుదు ఈయనకు వచ్చింది. పేరుకు ముందు సర్ అని ఉండడానికి కారణం అదే. తల్లి లేడీ ఎడిత్ థామస్ మంచి చదరంగం క్రీడాకారిణి. 1895లో ఇంగ్లండులోని హేస్టింగ్స్ పట్టణంలో జరిగిన మహిళల చదరంగం పోటీలో ఆమె విజేత. స్త్రీలకు ప్రత్యేకంగా జరిగిన తొలి పోటీలలో అది ఒకటి. అప్పటికి జార్జ్‌కు 14 ఏళ్లు. అంటే అతనికి ఆట మీద ప్రేమ ఇంట్లోనే, తల్లి దగ్గరే మొదలయిందన్నమాట.

ఇక్కడ ఒక మాట దాచకుండా చెప్పుకోవాలి. ఆయనకు కూడు, గుడ్డ, ఫీజు గురించిన బెంగ ఎన్నడూ లేదు. మనలో చాలామంది ట్రంకు పెట్టె, పళ్లెం, గ్లాసు పట్టుకుని హాస్టల్ మెట్లెక్కినవాళ్లం. ఆయన బతుకూ మన బతుకూ ఒకటేనని చెబితే అది అబద్ధం అవుతుంది. కాబట్టి ఆయనకు పుట్టుకతో వచ్చినదాన్ని పక్కన పెట్టి, సొంతంగా సంపాదించినదేమిటో చూద్దాం.

ఆనాటి ఆట

మన ఊళ్లలో షటిల్ అని పిలిచే ఈ ఆటకు మన దేశంతో పాత బంధుత్వం ఉంది. 1870ల ప్రాంతంలో పూనాలోని బ్రిటిష్ సైనికాధికారులు దీనిని ఆడి, నియమాలు రాసుకున్నారు. ఇంగ్లండులో బ్యాడ్మింటన్ హౌస్ అనే భవంతి పేరు మీద దీనికి ఆ పేరు స్థిరపడింది. ఉన్ని బంతితో ఐదుగురేసి ఆడే బాల్ బ్యాడ్మింటన్ వేరు, ఇది వేరు. 1893లో ఇంగ్లండులో బ్యాడ్మింటన్ సంఘం ఏర్పడింది. 1899లో లండన్‌లో ఆల్ ఇంగ్లండ్ పోటీలు మొదలయ్యాయి. విశేషమేమంటే మొదటి ఏడాది జరిగినవి డబుల్స్ పోటీలే. సింగిల్స్‌ను మరుసటి ఏడాది, 1900లో చేర్చారు. అంటే ఈ పోటీ పుట్టుకే జంట ఆటగా జరిగింది.

అప్పట్లో కోర్టు నేటిలా ఉండేది కాదు. 1901 వరకు నెట్ దగ్గర సన్నగా, వెనుక వెడల్పుగా, డమరుకం ఆకారంలో ఉండేది. పాయింట్ల పద్ధతి కూడా వేరు. సర్వీసు చేసేవారికే పాయింటు వచ్చేది. సర్వీసు మనది కానప్పుడు ఎంత గొప్ప దెబ్బ కొట్టినా సర్వీసు చేతికి వచ్చేదే తప్ప పాయింటు వచ్చేది కాదు. అందుకే ఆనాటి ఆటలో బలం కంటే ఓపిక ముఖ్యం. ప్రతి ర్యాలీకీ పాయింటు ఇచ్చే 21 పాయింట్ల పద్ధతి 2006లో వచ్చింది.

జంట ఆటలో మేటి

1903లో, 21 ఏళ్ల వయసులో, థామస్ తన తొలి ఆల్ ఇంగ్లండ్ టైటిల్ గెలిచారు. అది మిక్స్‌డ్ డబుల్స్. ఆయన జోడీ ఎథెల్ థామ్సన్. ఆమె తర్వాత పెళ్లయి, ఎథెల్ లార్కోమ్ పేరుతో 1912లో వింబుల్డన్ టెన్నిస్ మహిళల సింగిల్స్ గెలిచిన మేటి క్రీడాకారిణి.

పురుషుల డబుల్స్‌లో ఆయనకు తొలి జోడీ హెచ్. ఎన్. మారెట్. వీరిద్దరూ కలిసి 1906, 1908, 1910, 1912లలో గెలిచారు. ఈ మారెట్ సింగిల్స్‌లో మూడుసార్లు ఆల్ ఇంగ్లండ్ విజేత. థామస్‌కు అప్పటికి సింగిల్స్ టైటిల్ ఒక్కటీ లేదు. అయినా డబుల్స్ కోర్టులోకి దిగితే ఇద్దరూ ఒక్కటే. నువ్వు పెద్దా నేను పెద్దా అనుకుంటే నాలుగు టైటిళ్లు వచ్చేవి కావు.

డబుల్స్ ఆడిన వారికి దాని కష్టం తెలుసు. షటిల్ ఇద్దరి మధ్యకు వచ్చినప్పుడు ఇద్దరూ ఎగబడితే రాకెట్లు తగులుతాయి, ఇద్దరూ ఆగితే షటిల్ నేల మీద పడుతుంది. దాడి చేసేటప్పుడు ఒకరు ముందు, ఒకరు వెనుక ఉండాలి. కాచుకునేటప్పుడు పక్కపక్కన నిలబడాలి. జోడీ తప్పు చేస్తే ముఖం చిట్లించకుండా తర్వాతి సర్వీసుకు సిద్ధం కావాలి. ఒకరు మెరవడానికి ఇంకొకరు నెట్ దగ్గర కనిపించని పని చేయాలి. థామస్ ఈ విద్యను పాతికేళ్ల పాటు సాధన చేశారు.

1914లో హేజెల్ హోగార్త్ అనే క్రీడాకారిణితో కలిసి ఆయన మిక్స్‌డ్ డబుల్స్ గెలిచారు. అదే ఏడాది మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. 1915 నుంచి 1919 వరకు ఐదేళ్లు ఆల్ ఇంగ్లండ్ పోటీలే జరగలేదు. ఆటగాడికి 33 నుంచి 38 ఏళ్ల మధ్య కాలం పోయిందంటే ఇక అతని పని అయిపోయినట్టేనని ఎవరైనా అనుకుంటారు.

కానీ 1920లో పోటీలు తిరిగి మొదలవగానే ఆయన హోగార్త్‌తోనే మళ్లీ మిక్స్‌డ్ గెలిచారు. 1921, 1922లలో కూడా అదే జోడీ గెలిచింది. అంతకంటే ఆశ్చర్యం సింగిల్స్‌లో జరిగింది. యుద్ధానికి ముందు ఒక్కసారి కూడా దక్కని సింగిల్స్ టైటిల్‌ను 1920, 1921, 1922, 1923లలో వరుసగా నాలుగేళ్లు గెలుచుకున్నారు. తొలి టైటిల్ వచ్చిన 17 ఏళ్లకు, 38 ఏళ్ల వయసులో, ఆయన సింగిల్స్ విజేత అయ్యారు. ఫ్రాంక్ హాడ్జ్ జోడీగా 1928లో చివరి పురుషుల డబుల్స్ గెలిచేనాటికి ఆయన వయసు 46.

మొత్తం లెక్క చూస్తే సింగిల్స్ 4, పురుషుల డబుల్స్ 9, మిక్స్‌డ్ డబుల్స్ 8. కలిపి 21 ఆల్ ఇంగ్లండ్ టైటిళ్లు. 21లో 17 జోడీతో కలిసి గెలిచినవే. తనకు తెలిసిన విద్యను 1923లో బ్యాడ్మింటన్ కళ గురించిన పుస్తకంగా రాశారు. 1925లో ఇంగ్లండు ఆటగాళ్ల బృందానికి నాయకుడిగా కెనడా వెళ్లి, అక్కడి వారికి ఈ ఆటను దగ్గర చేశారు.

చదరంగం బల్ల దగ్గర

ఒక ఆటలో ఇంత పేరు వస్తే చాలదా అనిపిస్తుంది. కానీ థామస్ 1923లో సౌత్‌పోర్ట్‌లోను, 1934లో చెస్టర్‌లోను బ్రిటిష్ చదరంగం ఛాంపియన్ అయ్యారు. 1923లో ఆయన ఒకే ఏడాది బ్యాడ్మింటన్ సింగిల్స్‌లోను, చదరంగంలోను విజేత.

1934-35 హేస్టింగ్స్ పోటీలో మాజీ ప్రపంచ ఛాంపియన్ కాపాబ్లాంకాను, తర్వాతి కాలంలో ప్రపంచ ఛాంపియన్ అయిన బోట్విన్నిక్‌ను ఆయన ఓడించారు. అయితే ఆఖరి రౌండులో తన దేశస్థుడే అయిన మిచెల్ చేతిలో ఓడి, ఒంటరిగా ప్రథమ స్థానం పొందే అవకాశం పోగొట్టుకున్నారు. చివరకు యూవే, ఫ్లోర్‌లతో కలిసి ప్రథమ స్థానం పంచుకున్నారు. అప్పటికి ఆయన వయసు 53.

ఆయన ఓటమి కూడా చరిత్రలో నిలిచింది. 1912 అక్టోబరులో లండన్‌లోని చదరంగం క్లబ్బులో, జర్మనీ నుంచి కొత్తగా వచ్చిన ఎడ్వర్డ్ లాస్కర్ అనే యువకుడితో సరదాగా ఒక ఆట ఆడారు. లాస్కర్ 11వ ఎత్తులోనే మంత్రిని బలి ఇచ్చి, థామస్ రాజును తన కోట నుంచి బల్ల అవతలి అంచు దాకా తరిమి, 18వ ఎత్తులో కట్టడి చేశాడు. పేరున్న ఆటగాడికి పదిమంది ముందు ఇది తలవంపులే. థామస్ మాత్రం విసుక్కోలేదు. ఆట చాలా బాగుందని ఆ కుర్రవాడిని మెచ్చుకున్నారు. ఆ యువకుడికి అప్పటికి ఇంగ్లీషు రాదు. పక్కనున్న వారు అనువాదం చేసి చెబితే ఆ మెచ్చుకోలు అర్థమయింది. ఆ మంచితనం తన మనసులో నిలిచిపోయిందని లాస్కర్ తర్వాత రాసుకున్నాడు. నేటికీ చదరంగం పుస్తకాలలో ఆ ఆట అచ్చవుతూనే ఉంది. ఓడినవారి పేరు థామస్ అనే ఉంటుంది.

మనం ప్రత్యేకంగా గుర్తుంచుకోవలసినది ఇంకొకటి ఉంది. 1930లో జర్మనీలోని హాంబర్గ్‌లో జరిగిన చదరంగం ఒలింపియాడ్‌లో ఇంగ్లండు జట్టు మొదటి బల్ల మీద కూర్చున్నది మీర్ సుల్తాన్ ఖాన్. ఆయన పంజాబ్‌కు చెందినవాడు, ఒక జమీందారు దగ్గర కొలువులో ఉన్నవాడు. సర్ బిరుదున్న జార్జ్ థామస్ అదే జట్టులో ఆయన కింది బల్ల మీద ఆడారు. పుట్టుక చూసి కాదు, ఆట చూసి బల్లలు నిర్ణయించారు. సుల్తాన్ ఖాన్ 1929, 1932, 1933లలో బ్రిటిష్ ఛాంపియన్. ఆయన 1966లో మరణించగా, 2024లో ప్రపంచ చదరంగ సమాఖ్య గౌరవ గ్రాండ్‌మాస్టర్ బిరుదు ఇచ్చింది. ప్రతిభకు గుర్తింపు ఎంత ఆలస్యంగా వస్తుందో కూడా దీన్నిబట్టి తెలుస్తుంది.

సంస్థ, కప్పు

1934లో ఇంగ్లండు, ఐర్లండ్, స్కాట్లండ్, వేల్స్, డెన్మార్క్, నెదర్లాండ్స్, ఫ్రాన్స్, కెనడా, న్యూజిలాండ్ అనే తొమ్మిది సంఘాలు కలిసి అంతర్జాతీయ బ్యాడ్మింటన్ సమాఖ్యను స్థాపించాయి. దానికి తొలి అధ్యక్షుడు థామస్. 1955 వరకు 21 ఏళ్లు ఆయనే ఆ బాధ్యత మోశారు.

టెన్నిస్‌కు డేవిస్ కప్పు ఉన్నట్టు, బ్యాడ్మింటన్‌లో దేశాల జట్లు తలపడడానికి ఒక పోటీ ఉండాలన్నది ఆయన కోరిక. 1939లో అందుకోసం ఒక కప్పును బహూకరించారు. అదే ఏడాది రెండవ ప్రపంచ యుద్ధం మొదలయింది. ఆటగాడిగా ఒక యుద్ధం చూసిన మనిషికి అధ్యక్షుడిగా ఇంకో యుద్ధం అడ్డొచ్చింది. కప్పు తయారై దాదాపు పదేళ్లు ఎదురుచూసింది.

చివరకు 1948-49లో తొలి పోటీ జరిగింది. 1949 ఫిబ్రవరిలో ఇంగ్లండులోని ప్రెస్టన్ పట్టణంలో ఫైనల్. డెన్మార్క్‌ను 8-1 తేడాతో ఓడించి మలయా జట్టు కప్పు ఎత్తింది. మలయా అప్పటికి ఇంకా బ్రిటిష్ పాలనలోనే ఉంది. ఆ దేశానికి స్వాతంత్ర్యం వచ్చింది 1957లో. పాలితుల బిడ్డలు పాలకుల గడ్డ మీదికి వచ్చి, పాలకుల దేశపు మనిషి ఇచ్చిన కప్పును తీసుకుపోయారు. 1952, 1955లలో కూడా మలయాదే విజయం. 2024 పోటీల వరకు చూస్తే మలేషియా, ఇండోనేషియా, చైనా, జపాన్, డెన్మార్క్, భారత్ దానిని గెలిచాయి. ఇంగ్లండు ఒక్కసారి కూడా గెలవలేదు. తన దేశానికి దక్కని కప్పు మీద తన పేరు ఉంది. ఆట అందరిదీ కావాలని కోరుకున్నవాడికి ఇంతకంటే పెద్ద ఫలితం ఏముంటుంది?

ఆయన వివాహం చేసుకోలేదు. 1972 జూలై 23న లండన్‌లో 91 ఏళ్ల వయసులో కన్నుమూశారు. వారసులు లేనందున ఆ వంశపు బిరుదు ఆయనతోనే అంతరించింది. పుట్టుకతో వచ్చిన పేరు పోయింది, కష్టపడి సంపాదించిన పేరు మాత్రం కప్పు మీద నిలిచింది.

మనకు ఏమిటి?

సోదరులారా! రాకెట్ కొనే స్తోమత లేదని, ఇండోర్ కోర్టు లేదని మనం బాధపడడంలో న్యాయం ఉంది. ఆ సౌకర్యాలు కావాలని అడగడం మన హక్కు, అడుగుదాం. కానీ జార్జ్ థామస్ జీవితంలో డబ్బుతో కొనలేనివి మూడున్నాయి. జోడీని నమ్మడం, ఓడించినవాడిని మెచ్చుకోవడం, ఐదేళ్లు ఆట ఆగిపోయినా తిరిగి మొదలుపెట్టడం. ఒకసారి పదవ తరగతి తప్పినవారు, ఇంటి పరిస్థితులు బాగాలేక ఏడాది చదువు ఆపినవారు మన మధ్య ఉన్నారు. వారు ఆ 1920వ సంవత్సరాన్ని గుర్తుంచుకోవాలి.

హాస్టల్ జీవితమే ఒక డబుల్స్ ఆట. ఒకే గదిలో పడుకుని, ఒకే దీపం కింద చదువుకుని, ఒకరి పుస్తకం ఒకరు పంచుకుని పైకి వచ్చినవాళ్లం మనం. పూర్వ విద్యార్థులకు ఒక మనవి. మీరు గెలిచారు, సంతోషం. ఆయన తన ఆట ముగిశాక తర్వాతివారి కోసం ఒక కప్పు పెట్టి వెళ్లారు. మీరు కప్పు పెట్టనక్కరలేదు. వచ్చే వార్షికోత్సవానికి వచ్చేటప్పుడు రెండు రాకెట్లు, ఒక డబ్బా షటిల్స్ తెచ్చి తమ్ముళ్ల చేతిలో పెట్టండి. వీలైతే ఒక గేమ్ వారితో ఆడి, ఓడిపోయి, బాగా ఆడారని మెచ్చుకుని వెళ్లండి.